శనివారం బజారు మూసేసే నగరం

అందరికీ నమస్కారం. నన్ను పిలిచినప్పుడు గ్రంథాలయం వాళ్లు ఒకే షరతు పెట్టారు, "తేదీలు కాస్త తగ్గించండి మాస్టారూ" అని. ముప్పయ్యేళ్లు క్లాసురూములో హిస్టరీ చెప్పినవాణ్ణి. ఆ మాట మీద నిలబడతానని హామీ ఇవ్వలేను.

చదువుకునే రోజుల్లో రెండేళ్లు పుణెలో ఉన్నాను. రోజూ సైకిల్ మీద వెళ్లే దారిలో ఎర్ర ఇటుకల కట్టడం ఒకటి కనిపించేది, పొడుగాటి గడియారపు గోపురంతో. చర్చి అనుకున్నాను. అక్కడివాళ్లు 'లాల్ దేవళ్' అంటారు, ఎర్రగుడి అని. అది యూదుల ప్రార్థన మందిరమని తెలియడానికి నాకు ఏడాది పట్టింది. ఆవరణలో ఒక సమాధి ఉంది. అందులో ఉన్నాయన డేవిడ్ ససూన్. పుణెలో ఆ పేరు తెలియనివాళ్లు ఉండరు, ఎందుకంటే ఊళ్లో పెద్ద సర్కారీ దవాఖానా పేరు ససూన్ ఆస్పత్రి. ముంబయిలో చేపల రేవు పేరు ససూన్ డాక్. ఈయన పుట్టింది మాత్రం 1792లో, బాగ్దాద్‌లో. బాగ్దాద్‌లో పుట్టిన యూదుడికి పుణెలో సమాధేమిటి అన్న ప్రశ్న నాకు అప్పుడు పట్టుకుంది, ఇంకా వదల్లేదు.

ఇవాళ బాగ్దాద్‌లో యూదులు ఐదుగురున్నారంటే ఎక్కువ. వందేళ్ల కిందటి మాట వినండి. 1917లో బ్రిటిష్ సైన్యం ఆ నగరంలోకి వచ్చేనాటికి రెండు లక్షల పైచిలుకు జనాభాలో దాదాపు 80,000 మంది యూదులు. అంటే ప్రతి ముగ్గురిలో ఒకరి కంటే ఎక్కువే. శనివారం వాళ్లకు విశ్రాంతి దినం కాబట్టి శనివారం బజారు మూత. హోల్‌సేల్ బట్టల కొట్లు, డబ్బు మార్చేవాళ్లు, ఎగుమతి దిగుమతుల ఆఫీసులు, అన్నీ తాళాలే. ముస్లిం వ్యాపారికి కూడా ఆ రోజు బేరం లేదు, ఎందుకంటే అవతలి పార్టీ ఇంట్లో కూర్చుని ఉంది. ముస్లింలు ఎక్కువగా ఉన్న నగరంలో ఒక మైనారిటీ సెలవు దినం ఊరంతటికీ సెలవు అయిందంటే, వాళ్లు ఆ ఊళ్లో ఏ మూలో తలదాచుకున్నవాళ్లు కాదని అర్థం.

మొదలు ఎక్కడ? మనలో బైబిలు చదివేవాళ్లకు బబులోను అనే మాట కొత్త కాదు. క్రీస్తుపూర్వం 597లో బబులోను రాజు నెబుకద్నెజరు యెరూషలేమును లొంగదీసుకుని, అక్కడి రాజు యెహోయాకీనును, పెద్దలను, పనివాళ్లను పట్టుకుపోయాడు. పదేళ్ల తర్వాత మళ్లీ వచ్చి దేవాలయాన్ని కూల్చి, ఇంకొందరిని తోలుకుపోయాడు. ఆ బబులోను ఇప్పటి బాగ్దాద్‌కి దక్షిణంగా, హిల్లా పట్నం పక్కనే ఉంది.

ఇది మతగ్రంథంలో కథే కదా అంటారేమో. బబులోను తవ్వకాల్లో కొన్ని మట్టిపలకలు దొరికాయి. రాజుగారి గోదాము లెక్కలు. ఎవరికెంత నూనె ఇచ్చారో రాసుకున్న చిట్టా. అందులో 'యూదా దేశపు రాజు' అని యెహోయాకీను పేరుంది, ఆయన ఐదుగురు కొడుకుల కోటా కూడా ఉంది. మన భాషలో చెప్పాలంటే బందీగా ఉన్న రాజుగారి రేషన్ కార్డు. నాకు శిలాశాసనాల కంటే ఇలాంటి చిట్టాల మీద నమ్మకం ఎక్కువ. శాసనం వేయించేవాడు గొప్పలు చెప్పుకుంటాడు. నూనె కొలిచి పోసేవాడికి ఆ అవసరం లేదు.

ఇంకో పలకల కట్ట ఉంది, దాదాపు 200 పలకలు, వాటిలో సగం దాకా 2014లో అచ్చులోకి వచ్చాయి. వాటిలో 'అల్ యాహూదు' అనే పల్లె కనిపిస్తుంది, అంటే యూదుల ఊరు. కౌలు, పన్ను, అప్పు, ఎద్దుల పంపకం. రాజధాని నుంచి చెరపట్టి తెచ్చినవాళ్లు రెండు తరాల్లో కాలవగట్టు రైతులయ్యారు. యిర్మీయా ప్రవక్త వాళ్లకు రాసిన ఉత్తరం బైబిల్లో ఉంది. ఇళ్లు కట్టుకోండి, తోటలు నాటుకోండి, పిల్లల పెళ్లిళ్లు చేయండి, మీరున్న ఊరి క్షేమం కోరండి, దాని క్షేమంలోనే మీ క్షేమం ఉంది అని. వాళ్లు అక్షరాలా అదే చేశారు. క్రీస్తుపూర్వం 539లో పర్షియా రాజు కోరెషు బబులోనును గెలిచి, ఇష్టమైనవాళ్లు వెనక్కి పోవచ్చన్నాడు. కొందరు పోయారు. చాలామంది పోలేదు. పంటకొచ్చిన తోట వదిలి ఎవరు పోతారు?

తర్వాతి వెయ్యేళ్లలో జరిగినదానికి ఒక రోజంతా కావాలి. ఒక్క సంగతే చెబుతాను. సూరా, నెహర్దెయా, పుంబెదితా అని యూఫ్రటీస్ నీళ్లు పారే చోట గొప్ప విద్యాపీఠాలు నడిచాయి. పుంబెదితా ఇప్పటి ఫల్లూజా ప్రాంతం. యుద్ధం వార్తల్లో ఆ పేరు మీరు విన్నారు. ఈ పీఠాల్లో మూడు వందల ఏళ్లు జరిగిన వాదోపవాదాలను కలిపి కూర్చిందే బబులోను తల్మూద్. ఈనాటికీ ప్రపంచంలో యూదు ధర్మశాస్త్రానికి ఆధారం అదే. అచ్చులో 2,711 ఆకులు. రోజుకో ఆకు చొప్పున చదివితే ఏడున్నరేళ్లు పడుతుంది, అలా చదివేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. అందులో చర్చలు ఎంత నేలమీద ఉంటాయంటే, ఇద్దరు ఒకే కండువాను చెరో కొస పట్టుకుని 'నాకు దొరికింది, మొత్తం నాదే' అని తగువులాడితే ఎలా తీర్చాలి అన్నదాని మీద పేజీలకు పేజీలు. మన రచ్చబండ తీర్పులు ఎవరైనా కూర్చుని రాసిపెట్టి ఉంటే ఇలాగే ఉండేవేమో.

మూడో శతాబ్దంలో నెహర్దెయాలో శమూయేలు అనే పండితుడు ఒక సూత్రం చెప్పాడు. రాజ్యం చేసిన చట్టం మనకూ చట్టమే అని. మతం వేరైనా, రాజు వేరైనా, పన్ను కట్టు, కోర్టు మాట విను. ఈ సూత్రాన్ని గుర్తు పెట్టుకోండి, మళ్లీ అవసరం పడుతుంది.

ఏడో శతాబ్దంలో అరబ్బు సైన్యాలు ఇస్లాంతో వచ్చేసరికి యూదులు అక్కడ పన్నెండు వందల ఏళ్ల పాతకాపులు. 762లో ఖలీఫా అల్ మన్సూర్ బాగ్దాద్ కట్టాడు. విద్యాపీఠాలు నెమ్మదిగా ఆ నగరానికే చేరాయి. ముస్లిం పాలనలో యూదులు జిజియా కట్టాలి, కొన్ని ఆంక్షలుంటాయి, దానికి బదులు ప్రాణానికీ మతానికీ రక్షణ. ఒక ఖలీఫా హయాంలో ఆంక్షలు ముదిరాయి, తేనెరంగు గుర్తు వేసుకుని తిరగమన్నారు. ఇంకొకరి హయాంలో దర్బారులో కుర్చీ. పన్నెండో శతాబ్దంలో స్పెయిన్ నుంచి వచ్చిన బెంజమిన్ అనే యూదు యాత్రికుడు బాగ్దాద్‌లో 28 ప్రార్థన మందిరాలు ఉన్నాయని రాశాడు. యూదుల పెద్ద, దావీదు వంశస్థుడని పేరున్నవాడు, పట్టుబట్టలూ పెద్ద తలపాగాతో గుర్రమెక్కి ఖలీఫా దగ్గరికి వెళ్తుంటే ముందు మనుషులు దారి తొలగమని కేకలు వేసేవారట. పూర్తిగా స్వర్ణయుగమనీ అనను, పూర్తిగా నరకమనీ అనను. రెండు రకాల పుస్తకాలూ మార్కెట్లో ఉన్నాయి. రెండూ నన్ను ఒప్పించలేదు.

1258లో హులాగు ఖాన్ మంగోలు సైన్యం బాగ్దాద్‌ను తుడిచిపెట్టింది. దీని వల్ల జరిగిన ఒక వింత చెబుతాను, నాకు ఈ మొత్తం కథలో చాలా ఇష్టమైనది. ఖాళీ అయిన నగరంలోకి తర్వాతి శతాబ్దాల్లో ఎడారి అంచుల నుంచి బెదూయిన్ అరబ్బులు వచ్చి స్థిరపడ్డారు. ముస్లింల యాస మారిపోయింది. యూదులు, క్రైస్తవులు మాత్రం పాత నగరపు అరబ్బీనే పట్టుకున్నారు. 'నేను అన్నాను' అనడానికి ముస్లిం 'గిలిత్' అంటాడు, యూదుడు 'ఖెల్తు' అంటాడు. అంటే ఖలీఫాల నాటి బాగ్దాద్ వీధుల్లో వినిపించిన అరబ్బీకి దగ్గరి వారసత్వం యూదుల వంటింట్లో మిగిలింది. యూదుడు బజారుకెళ్తే గిలిత్, ఇంటికొస్తే ఖెల్తు. మన పిల్లలు హైదరాబాద్ ఆఫీసులో ఒక తెలుగు, ఊళ్లో నాయనమ్మతో ఒక తెలుగు మాట్లాడరూ, అలా. వాళ్లు ఆ అరబ్బీని రాసేది హీబ్రూ లిపిలో. ఉర్దూ మాటల్ని తెలుగు అక్షరాల్లో రాసుకునే అలవాటున్న మనకు అది పెద్ద విడ్డూరం కాదు.

ఇప్పుడు ససూన్ దగ్గరికి వద్దాం. ఆయన తండ్రి బాగ్దాద్ పాషాల దగ్గర, అంటే అప్పట్లో ఆ నగరాన్ని ఏలిన ఒట్టోమన్ తుర్కుల గవర్నర్ల దగ్గర, ఖజానా చూసిన మనిషి. 1817 నుంచి 1831 దాకా పాలించిన దావూద్ పాషా యూదు సంపన్నుల్ని పీడించి డబ్బు గుంజాడు. డేవిడ్ ససూన్ పారిపోయి, ఇరాన్ రేవు బుషెహర్ మీదుగా 1832లో బొంబాయి చేరాడు. పత్తి, నూలు, నల్లమందు. అవును, నల్లమందే. ఆస్పత్రులు, లైబ్రరీలు కట్టించిన డబ్బులో చైనాకు పంపిన నల్లమందు డబ్బూ ఉంది, దాన్ని దాచి మాట్లాడటం నాకు నచ్చదు. ఆయన వెనకే బాగ్దాద్ కుటుంబాలు బొంబాయి, కలకత్తా, రంగూన్, షాంఘై దాకా వెళ్లాయి. 1971లో ఢాకాలో పాకిస్తాన్ సైన్యం లొంగుబాటు పత్రం తయారు చేసిన మన జనరల్ జె.ఎఫ్.ఆర్. జేకబ్ కలకత్తాకు చేరిన అలాంటి కుటుంబంలోని బిడ్డే. గుంటూరు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో తెలుగు యూదులు ఉన్నారు కదా, వాళ్లకూ దీనికీ సంబంధం ఉందా అని ఎప్పుడూ ఎవరో ఒకరు అడుగుతారు. లేదు. వాళ్ల కథ వేరు, ఇంకోసారి చెప్పుకుందాం.

ఈ ఓడల మీద బాగ్దాద్‌కి తిరుగు సరుకుగా పోయినవాటిల్లో ఒకటి మామిడికాయ పచ్చడి. అక్కడ దాని పేరు 'అంబ'. మరాఠీ 'ఆంబా' ఉన్నదున్నట్టు పోయింది. మామిడి ముక్కలు, మెంతులు, పసుపు, వెనిగర్. కనిపెట్టింది ససూనే అని ఒక కథ చెబుతారు, రుజువేమీ లేదు. నేను రుచి చూశాను. మన ఆవకాయ పక్కన పెడితే పలచగా, పుల్లగా, కొంచెం జలుబు చేసినట్టు ఉంటుంది. కానీ ఇరాక్‌లో యూదులు, ముస్లింలు అందరూ దాని మీద ప్రాణం పెట్టారు. బడి పిల్లలు రొట్టె చీల్చి మధ్యలో అంబ పోయించుకుని తినేవారు.

శుక్రవారం సాయంత్రం బాగ్దాద్ యూదుల ఇంట్లో జరిగేది చూద్దాం. పొద్దు గుంకాక నిప్పు ముట్టకూడదు. అందుకని కోడిలో బియ్యం, మసాలా కూరి, చుట్టూ ఇంకాస్త బియ్యం పోసి, పెద్ద గిన్నెలో సన్నటి సెగ మీద రాత్రంతా వదిలేస్తారు. దాని పేరు త్బీత్, రాత్రంతా ఉన్నది అని అర్థం. మూత మీద గుడ్లు పేరుస్తారు. తెల్లారేసరికి పెంకు లోపల గుడ్డు గోధుమరంగుకి తిరుగుతుంది. శనివారం పొద్దున ఆ గుడ్లు, ముందురోజు వేయించి ఉంచిన వంకాయ ముక్కలు, పైన అంబ. అడుగంటిన అన్నం కోసం పిల్లల కొట్లాట. దీపం వెలిగించాల్సి వస్తే పక్కింటి ముస్లిం కుర్రాడు వచ్చి వెలిగించి పోవడం మామూలు. వేసవిలో ఊరంతా మేడ మీదే పడక, మన పల్లెల్లో డాబా మీద పడుకున్నట్టు. ఒక డాబాకీ పక్క డాబాకీ మధ్య ఒక పిట్టగోడే.

1864లో ఫ్రాన్స్ యూదుల సంస్థ 'అలయాన్స్' బాగ్దాద్‌లో బడి పెట్టింది. ఫ్రెంచి, ఇంగ్లిషు, అరబ్బీ, లెక్కలు. ముప్పై ఏళ్లకు ఆడపిల్లల బడి కూడా వచ్చింది. బ్రిటిష్ వాళ్లు వచ్చి కొత్త ఇరాక్ రాజ్యాన్ని నిలబెట్టేటప్పుడు రైల్వేలో, కస్టమ్స్‌లో, బ్యాంకుల్లో, పోస్టాఫీసుల్లో కూర్చోబెట్టడానికి చదువుకున్న గుమాస్తాలు కావాలి. ఎవరున్నారు? ఈ బడుల్లో చదివినవాళ్లు. వాళ్లు పైకి రావడానికీ అదే కారణం, తర్వాత కొందరి కళ్లల్లో పడటానికీ అదే కారణం.

1921లో ఫైసల్ రాజుగా వచ్చాడు. పట్టాభిషేకానికి నెల ముందు యూదులు ఆయనకు సన్మానం చేస్తే, దేశభక్తి లెక్కలో యూదులు, ముస్లింలు, క్రైస్తవులు అనే మాటలకు అర్థం లేదు, ఇరాక్ అనే దేశం ఒక్కటే ఉంది అన్నాడు. తొలి ఆర్థికమంత్రి యూదుడు, ససూన్ హెస్కెల్. 1925లో విదేశీ చమురు కంపెనీతో ఒప్పందం రాసేటప్పుడు ఈయన మొండిపట్టు పట్టాడు. రాయల్టీ బంగారం లెక్కన ఇవ్వాలి, కాగితం పౌండ్లలో కుదరదని. అందరూ చాదస్తం అనుకున్నారు. ఆరేళ్లకు పౌండు బంగారంతో ముడి తెంచుకుని పడిపోయింది. ఇరాక్ ఖజానా బతికింది. ఆయన పేరుతో ఇరాకీ అరబ్బీలో ఒక క్రియాపదమే పుట్టిందంటారు, పైసా పైసా లెక్క అడిగేవాణ్ణి 'హెస్కెల్ చేస్తున్నాడు' అని.

ఇక సంగీతం. 1932లో కైరోలో అరబ్బు సంగీత మహాసభ జరిగింది. ఇరాక్ తరఫున పాడింది ముస్లిం గాయకుడు ముహమ్మద్ అల్ ఖుబ్బంజీ. వెనక వాయిద్యాలవాళ్లు దాదాపు అందరూ యూదులు. 1936లో బాగ్దాద్ రేడియో మొదలైనప్పుడు ఆర్కెస్ట్రా కట్టింది సాలెహ్, దావూద్ అనే అన్నదమ్ములు. కువైట్‌లో పుట్టారు కాబట్టి అల్ కువైతీ అని పిలిచేవారు. సాలెహ్ వయొలిన్, దావూద్ ఊద్ అనే తీగల వాయిద్యం. ఆ రోజుల్లో ఇరాక్‌లో పెళ్లిలో పాడినా, కేఫ్‌లో పాడినా సగం వరసలు సాలెహ్ కట్టినవే.

ఇంత కలిసిపోయినవాళ్లు ఏమయ్యారు?

1941 ఏప్రిల్‌లో మాజీ ప్రధాని రషీద్ ఆలీ అల్ గైలానీ కొందరు సైనికాధికారుల అండతో అధికారం చేజిక్కించుకున్నాడు. బ్రిటిష్ వాళ్ల మీద కసి, జర్మనీ గెలుస్తుందన్న ఆశ. బాగ్దాద్‌లోని జర్మన్ రాయబార కార్యాలయం ఏళ్ల తరబడి యూదు ద్వేషాన్ని పంచిపెట్టింది. బెర్లిన్ నుంచి అరబ్బీ రేడియో రోజూ అదే ఊదరగొట్టేది. పాలస్తీనా గొడవ ఆ నిప్పుకి విసనకర్ర. మే నెలాఖరుకి రషీద్ ఆలీ ఓడి పారిపోయాడు. బ్రిటిష్ సైన్యం నగరం శివార్లలో ఉంది, లోపలికి రాలేదు. రాజు చిన్నపిల్లాడు కాబట్టి ఆయన తరఫున ఏలుతూ, ఈ గొడవలో పారిపోయి, ఇప్పుడు తిరిగొస్తున్న రాజప్రతినిధిని బ్రిటిష్ తుపాకులే కూర్చోబెట్టాయన్న మాట రాకూడదని. జూన్ 1 ఆదివారం, యూదులకు పండగ. కొత్త బట్టలు వేసుకుని వీధుల్లోకి వచ్చారు. ఓడిపోయి వస్తున్న సైనికులు వంతెన దగ్గర వాళ్ల మీద పడ్డారు. తర్వాత పోలీసులు, కుర్రమూకలు, లూటీ కోసం వచ్చిన జనం. రెండు రోజులు. దీన్నే 'ఫర్హూద్' అంటారు. దాదాపు 180 మంది యూదులు చనిపోయారు.

వేసవి రాత్రుల్లో కబుర్లు చెప్పుకున్న ఆ డాబాలే దారులయ్యాయి. పిల్లల్ని పిట్టగోడ మీంచి పక్క డాబాకి అందించి, తాము దూకి, అక్కణ్ణుంచి ఇంకో డాబాకి. చాలా చోట్ల అవతల నిలబడి పిల్లల్ని అందుకున్నది ముస్లిం పొరుగువాళ్లే. గుమ్మంలో నిలబడి మూకను తిప్పి పంపినవాళ్లూ ఉన్నారు. రెండో రోజు కర్ఫ్యూ పెట్టి, రాజప్రతినిధి పక్షం సైన్యం లూటీ మూకల మీద కాల్పులు జరిపేసరికి కొన్ని గంటల్లో అంతా సద్దుమణిగింది. మొదటి రోజే ఆ పని ఎందుకు చేయలేదన్నది బతికినవాళ్లు జీవితాంతం అడిగిన ప్రశ్న.

ఫర్హూద్‌తోనే అంతా ముగిసిందని చాలామంది అంటారు. నేను ఒప్పుకోను. ఆ తర్వాత కూడా వాళ్లు కొట్లు తెరిచారు, ఇళ్లు కట్టారు, 1942లో బతావీన్ పేటలో కొత్త ప్రార్థన మందిరం కట్టారు. పారిపోవాలనుకున్నవాళ్లు సిమెంటు కొనరు కదా. కొందరు యువకులు రహస్యంగా, పాలస్తీనాలో యూదులకు సొంత దేశం కావాలనే సియోనిస్టు సంఘాల్లో చేరారు, ఇంకొందరు కమ్యూనిస్టులై ఇరాక్ విప్లవం అన్నారు. 1947 జనాభా లెక్కల్లో దేశంలో సుమారు 1,18,000 మంది యూదులు ఉన్నారు.

1948లో ఇజ్రాయెల్ ఏర్పడింది, ఇరాక్ యుద్ధానికి దిగింది. బాగ్దాద్‌లో యూదు ఉద్యోగుల్ని వందల్లో తీసేశారు. సెప్టెంబరులో బస్రాలో షఫీక్ అదెస్ అనే పెద్ద వ్యాపారిని, శత్రువుకి పాత ఇనుము అమ్మాడని, ఆయన ఇంటి ముందే ఉరి తీశారు. ఆయనకు సియోనిజంతో లావాదేవీ ఏమీ లేదు, మంత్రులతో భోజనం చేసే మనిషి. వ్యాపారంలో ఆయన ముస్లిం భాగస్వాముల మీద కేసే లేదు. అది చూశాక మామూలు గుమాస్తా ఏమనుకుంటాడు? అంతటివాడికే దిక్కు లేకపోతే మన గతేమిటి అనుకుంటాడు.

1950 మార్చిలో చట్టం వచ్చింది. దేశం విడిచిపోదలచిన యూదులు పౌరసత్వం వదులుకుంటున్నట్టు సంతకం పెట్టి పోవచ్చు, తిరిగి రాకూడదు. పదివేల లోపే పోతారని ప్రభుత్వం అంచనా. మొదట్లో లైన్లు పలచగానే ఉన్నాయి. ఏప్రిల్‌లో యూదులు కూర్చునే కేఫ్ దగ్గర బాంబు, ఆపైన ఇంకొన్ని, 1951 జనవరిలో ప్రయాణానికి పేర్లు రాసుకుంటున్న ప్రార్థన మందిరం దగ్గర మరొకటి. ఎవరు వేశారు? ఇరాక్ ప్రభుత్వం సియోనిస్టు రహస్య సంఘానికి చెందిన ఇద్దరు యూదుల్ని ఉరి తీసింది. ఇజ్రాయెల్ కాదంది. ఇప్పటికీ చరిత్రకారులు రెండుగా చీలి ఉన్నారు, నేను ఏ గట్టునా దిగను. బాంబులు లేకపోయినా లైన్లు పెరిగేవనే నా అభిప్రాయం. పక్కింటివాళ్లు పోతుంటే, బడిలో టీచరు పోతుంటే, పెళ్లికి పిల్లను ఇచ్చేవాళ్లే పోతుంటే, ఉన్నవాడు ఎన్నాళ్లుంటాడు?

1951 మార్చి 10న రెండో చట్టం వచ్చింది. పౌరసత్వం వదులుకున్నవాళ్ల ఆస్తులన్నీ స్తంభన. క్యాలెండర్ తీసి చూస్తే ఆ రోజు శనివారం. పేర్లు రాయించుకుని, విమానం కోసం ఎదురుచూస్తున్నవాళ్లు వేలాదిమంది ఇంకా దేశంలోనే ఉన్నారు. ఇటు ఆస్తి లేదు, అటు పౌరసత్వం లేదు. కొట్లకు సీళ్లు, బ్యాంకు ఖాతాలకు తాళాలు. రాజ్యం చట్టమే మనకూ చట్టమని పదిహేడు వందల ఏళ్లు నమ్మినవాళ్ల మీదికి చట్టమే ఇలా వచ్చింది. రెండున్నర వేల ఏళ్లలో మంగోలులు చేయలేనిది, తైమూరు చేయలేనిది ఒక గెజిట్ కాగితం చేసింది అని నేను క్లాసులో చెప్పేవాణ్ణి.

మనిషికి 50 దీనార్లు, ఒక సూట్‌కేసు. ఎయిర్‌పోర్టులో ఆడవాళ్ల గాజులు, ఉంగరాలు లెక్కపెట్టి తీసుకున్నారు. మొదట సైప్రస్ మీదుగా, తర్వాత నేరుగా, సుమారు 1,20,000 మంది విమానాల్లో ఇజ్రాయెల్ పోయారు. చెర నుంచి ప్రజలను తిరిగి తెచ్చిన ఎజ్రా, నెహెమ్యాల పేర్లు పెట్టారు ఈ తరలింపుకి. దిగగానే చాలామంది మీద డీడీటీ పొడి చల్లారు. బాగ్దాద్ బ్యాంకులో ఆఫీసరుగా చేసినాయన, సూటు మీద తెల్లపొడితో గుడారంలోకి నడిచాడు. అరబ్బీ మాట్లాడితే వెనకబడినవాళ్లన్నట్టు చూసింది కొత్త దేశం. ఆ అవమానాన్ని ఆ తరం మరిచిపోలేదు.

ఆస్తుల సంగతి ఇంకో మలుపు తిరిగింది. ఇరాక్ చట్టం వచ్చిన తొమ్మిది రోజులకు ఇజ్రాయెల్ విదేశాంగమంత్రి మోషే షరెట్ పార్లమెంటులో లేచి, 1948లో వెళ్లిపోయిన పాలస్తీనా అరబ్బుల ఆస్తులకు ఇవ్వాల్సిన పరిహారం లెక్కలో దీన్ని కూడా చూస్తామన్నాడు. చెల్లుకు చెల్లు అన్నమాట. హైఫాలో ఇల్లు పోగొట్టుకున్న పాలస్తీనా మనిషికీ, బాగ్దాద్‌లో కొట్టు పోగొట్టుకున్న యూదుడికీ ఒకరితో ఒకరికి అప్పు లేదు. వాళ్ల పేరు మీద రెండు ప్రభుత్వాలు జమాఖర్చు రాసుకున్నాయి. ఇద్దరి చేతికీ పైసా రాలేదు.

సాలెహ్, దావూద్ అన్నదమ్ములు కూడా ఆ విమానాల్లోనే పోయారు. టెల్ అవీవ్‌లో బీదవాళ్ల పేటలో వంటసామాన్ల కొట్టు పెట్టుకున్నారు. పగలు గిన్నెలు అమ్మడం, వీలున్నప్పుడు ఇజ్రాయెల్ రేడియో అరబ్బీ విభాగంలో వాయించడం. అటు బాగ్దాద్ రేడియోలో వాళ్ల పాటలే మోగేవి, పేర్లు తీసేసి, 'జానపదం' అని. దావూద్ మనవడు దూదూ తస్సా ఇజ్రాయెల్‌లో రాక్ సంగీతకారుడు. తనకు అరబ్బీ సరిగా రాకపోయినా, తాత పాటల్నే గిటారుతో పాడి ఈ తరానికి మళ్లీ వినిపించాడు.

అంబ కూడా వాళ్లతో పోయింది. శనివారం పొద్దుటి గుడ్డు, వంకాయ, అంబ కలిపి రొట్టెలో పెట్టి రమత్ గన్ పట్నంలో ఒకాయన అమ్మడం మొదలుపెట్టాడు. ఇవాళ అక్కడ 'సబీఖ్' పేరుతో సందుకో బండి ఉంది. ఖెల్తు అరబ్బీ మాత్రం అంత అదృష్టానికి నోచుకోలేదు. మాట్లాడేవాళ్లు ఎనభైలు, తొంభైలు దాటినవాళ్లు. మనవలకు రాదు.

ఇరాక్‌లో ఆరువేల మంది దాకా ఉండిపోయారు. 1958లో రాజరికాన్ని కూల్చి వచ్చిన సైన్యాధికారి కాసిమ్ పాలనలో కొన్నాళ్లు ఊపిరి పీల్చుకున్నారు. 1967 అరబ్-ఇజ్రాయెల్ యుద్ధం తర్వాత ఫోన్లు కోసేశారు, ఉద్యోగాలు తీసేశారు. 1969 జనవరి 27న బాగ్దాద్ కూడలిలో గూఢచారులన్న ముద్ర వేసి ఉరి తీసినవారిలో 9 మంది యూదులు. చూడటానికి రమ్మని రేడియోలో జనాన్ని పిలిచారు. ఆ తర్వాత మిగిలినవాళ్లు కుర్దుల కొండదారుల్లో రాత్రిపూట ఇరాన్‌లోకి దాటుకుపోయారు.

2003 మేలో అమెరికా సైనికులు సద్దాం నిఘా సంస్థ ఆఫీసు నేలమాళిగలో, నడుం లోతు మురికి నీళ్లలో, తేలుతున్న పుస్తకాలు చూశారు. యూదుల పుస్తకాలు 2,700, కాగితాలు పదుల వేలు. ప్రార్థన మందిరాల నుంచి నిఘావాళ్లు ఎత్తుకొచ్చి పడేసినవి. బూజు పట్టకుండా ఫ్రీజర్ లారీలో గడ్డకట్టించి అమెరికాకు తీసుకెళ్లి, ఆరబెట్టి, ఒక్కో కాగితం బాగుచేసి, ఫోటోలు తీసి ఇంటర్నెట్‌లో పెట్టారు. ఎక్కడో చలిదేశాల్లో ఉంటున్న ముసలివాళ్లు అందులో తమ బడి మార్కులు, చిన్నప్పటి ఫోటోలు చూసుకున్నారు. అవి మా జాతీయ సంపద, వెనక్కివ్వండి అంటుంది ఇరాక్. మా దగ్గర లాక్కున్నవి మళ్లీ వాళ్లకేనా అంటారు యూదులు. తల్మూద్‌లో ఇద్దరూ చెరో కొస పట్టుకున్న కండువా గుర్తొస్తుంది నాకు.

వాటిలో ఒక చిన్న క్యాలెండర్ ఉంది, 1970ల మొదట్లోది. ఒకవైపు హీబ్రూ, ఒకవైపు అరబ్బీ. బాగ్దాద్‌లో హీబ్రూలో అచ్చయిన ఆఖరి వాటిల్లో ఒకటి. అప్పటికి ఊళ్లో మిగిలింది కొద్దిమందే. పండగ ఎప్పుడొస్తుందో, ఏ తేదీన శనివారమో వాళ్లకీ తెలియాలి కదా.

ప్రశ్నలుంటే అడగండి.